చీటీ మడిచింది ఎవరు?
సస్పెన్స్ షార్ట్‌ఫిల్మ్ – మీ ప్రశ్నలు, మా జవాబులు

సెలవులకు కలిసిన స్నేహితులు సరదాకి ఒక ఆట మొదలుపెడతారు. తెల్లారినా ఆట ఆగదు. ఈ ఒక్క లైను పట్టుకుని సినిమా తీస్తున్నామంటూ శ్రీకాకుళం, విజయనగరం, పార్వతీపురం మన్యం జిల్లాల నుంచి ఉత్తరాలు వచ్చాయి. ఈసారి శీర్షిక మొత్తం వాటికే. కథ రాసి ‘బాగుందా?’ అని మాత్రమే అడిగినవాటిని పక్కన పెట్టాం.

ప్ర: మా కథలో ఐదుగురు ఫ్రెండ్స్. పాత రైసుమిల్లులో రాత్రిపూట రాజు, రాణి, మంత్రి, పోలీసు, దొంగ చీటీల ఆట. దొంగ చీటీ వచ్చినవాడు తెల్లారేసరికి కనబడడు. 20 నిమిషాల సినిమా పదిమందికి చూపిస్తే భయపడలేదు సరికదా, ‘ఏటవుతోందో తెలీలేదు’ అన్నారు. స్క్రిప్టు జతచేశాం. ఎక్కడ తేడా కొట్టింది? (డిగ్రీ విద్యార్థి, రాజాం)

జ: మీ స్క్రిప్టులో మొదటి ఆట సగంలో ఉండగానే కరెంటు పోతుంది. మామూలుగా ఆ ఆట ఎలా ముగుస్తుందో చూసేవాడు ఒక్కసారి కూడా చూడలేదు. మామూలు తెలియనివాడికి తేడా ఏం తెలుస్తుంది? ఈ ఆట అందరికీ వచ్చుగదా అనుకోకండి. ఊరికో రకంగా ఆడతారు, మార్కులూ ఊరికో రకం. మీ సినిమాలో ఆడే పద్ధతి ఏదో, ఒక రౌండు మొదలు నుంచి చివరిదాకా నవ్వుతూ తుళ్లుతూ, ఎవరికీ ఏమీ కాకుండా చూపించండి. 90 సెకన్లు చాలు. చీటీలు ఎగరేశారు, తలా ఒకటి తీశారు, రాజు బయటపడి ‘నా పోలీసు ఎవడు?’ అన్నాడు, పోలీసు మిగతా ముగ్గురిలో దొంగను పట్టుకోవాలి. పట్టుకుంటే మార్కులు పోలీసువి, గురి తప్పితే దొంగవి. అంతే.

ఇందులో ఒక లెక్క దాగి ఉంది, మీ కథ నిలబడాల్సింది దాని మీదే. ఐదుగురు ఆడితే రాజు, పోలీసు బయటపడ్డాక మిగిలేది ముగ్గురు. గుడ్డిగా వేలు చూపించినా మూడింట ఒకసారి తగులుతుంది. ఒకడు మాయమై నలుగురయ్యారు, రాణి చీటీ తీసేశారు: ఇప్పుడు ఇద్దరిలో ఒకడు. ముగ్గురే మిగిలితే రాజు, పోలీసు, దొంగ. ఊహించడానికి ఏమీ లేదు, రాజూ పోలీసూ నోరు విప్పగానే మూడోవాడు దొరికిపోతాడు. మీరు ఆ ముగ్గురితో ‘దొంగ ఎవరు’ అంటూ ఆరు నిమిషాలు నడిపారు. ఆటే చచ్చిపోయాక సస్పెన్స్ ఎక్కడ మిగుల్తుంది? ముగ్గురు మిగిలిన క్షణంలో ప్రశ్న మారిపోవాలి. ‘చీటీలు రాసింది ఎవరు?’ అని వాళ్లలో ఒకడు అడగాలి. అక్కడి నుంచి మీ ఆరు నిమిషాలూ పరిగెడతాయి.

మళ్లీ రాసేటప్పుడు ఒక లాంగ్‌బుక్కులో మూడు గళ్లు గీయండి. మొదటి గడిలో నిజంగా జరిగింది, రెండో గడిలో పాత్రలు నమ్ముతున్నది, మూడో గడిలో ప్రేక్షకుడికి తెలిసింది. సీనుకో వరుస. మూడు గళ్లలోనూ ఒకటే ఉన్న సీన్లు వెంటవెంటనే వస్తే సినిమా చల్లబడుతుంది. మూడూ మూడు రకాలుగా ఉన్న సీన్లు వరసకట్టి వస్తే మీకొచ్చిన ఫిర్యాదే వస్తుంది. అన్నిటికంటే ప్రమాదం మొదటి గడి ఖాళీగా ఉండటం. మీ పుస్తకంలో అలాంటివి నాలుగైనా తేల్తాయి. ఆ సీన్లో ఏం జరిగిందో రాసినవాడికే తెలియదన్నమాట.

చీటీల సంగతి కూడా చెప్పాలి. తెల్ల ఏ4 కాగితం మీద లైటు పడితే తెల్లగా మండిపోయి అక్షరం కనబడదు. రూళ్ల నోటుబుక్కు కాగితం వాడండి, స్కెచ్‌పెన్నుతో రాయండి. ఒకే చేతిరాతతో పది సెట్లు ముందే రాసి మడిచి ఉంచుకోండి. నాలుగో టేకుకి చీటీ నలిగి, మడత మెత్తబడి, ముందు షాటుతో కలవదు. రాసినవాడే దోషి అయితే వాడి చీటీకి మడత వేరుగా ఉండనివ్వండి: అన్నిటికీ రెండు మడతలు, ఒక్కదానికి మూడు. దగ్గర షాటులో రెండు సెకన్లు చూపించి వదిలేయండి. సినిమాలో ఎవరూ దాని ఊసెత్తకూడదు.

ప్ర: చీటీల ఆట చిన్నపిల్లలదిలా ఉంది. గుడి అరుగు మీద గీసిన పులిజూదం పెడితే ఎలా ఉంటుంది? (శ్రీకాకుళం)

జ: చూడ్డానికి బ్రహ్మాండంగా ఉంటుంది, నడపడానికి కష్టం. మూడు పులులు, పదిహేను మేకలు, 23 కూడళ్లు. మేకలన్నీ పలక మీదికి దిగేదాకా ఏ మేకా కదలకూడదు, పులి మాత్రం ఈలోగా దూకి చంపొచ్చు. పులులు మూడూ కదలలేకుండా చుట్టుముడితే మేకలు గెలిచినట్టు. ఇది నేర్పడానికే మీకు రెండు మూడు నిమిషాలు పోతాయి, పైగా ఆడేది ఇద్దరే. ఐదుగురు స్నేహితుల కథకు ఇద్దరి ఆట అతకదు. ‘మేక కదలకూడదు, పులి కదలొచ్చు’ అన్న ఒక్క నియమాన్ని తీసుకుని మీ మనుషుల మీద పెట్టుకోండి: పేరు పిలిచేదాకా నలుగురూ కూర్చున్నచోటు నుంచి లేవకూడదు, ఒకడు మాత్రం తిరగొచ్చు. అది చీటీల ఆటకన్నా భయంగా ఉంటుంది, నేర్పడానికి పది సెకన్లు.

ప్ర: ఆట జరిగే భాగం బ్లాక్ అండ్ వైట్‌లో, నిజం రంగుల్లో తీద్దామనుకుంటున్నాం. తెలుస్తుందా? (విజయనగరం)

జ: తెలుస్తుంది, అదే ఇబ్బంది. ఆటా నిజమూ కలిసిపోవడమే మీ కథ అయినప్పుడు మధ్యలో గోడ కట్టడం దేనికి?

మా ఓటు సీలింగ్ ఫ్యానుకి. పాత ఫ్యాను తిరిగేటప్పుడు ఒక రెక్క దగ్గర టక్, టక్ అని కొట్టుకుంటుంది. డైలాగు రికార్డు చేసేటప్పుడు ఎలాగూ ఫ్యాను ఆపాల్సిందే, లేకపోతే ఆ చప్పుడు ఒక్కో ముక్కలో ఒక్కో చోట తెగి ఎడిటింగ్‌లో నరకం చూపిస్తుంది. కాబట్టి ఫ్యాను బొమ్మ విడిగా, చప్పుడు విడిగా రెండు నిమిషాలు తీసుకోండి. ఇంట్లో జరిగే మామూలు సీన్లన్నిటి కిందా ఆ టక్ టక్ సన్నగా పరవండి. ఆట మొదలైతే కరెంటు పోయిన రాత్రి, ఫ్యాను లేదు, కప్పల అరుపులే. ఇలా రెండుసార్లు జరిగేసరికి చూసేవాడి చెవి అలవాటు పడుతుంది: ఫ్యాను ఉంటే నిజం, లేకపోతే ఆట. అప్పుడు, కథ మూడింట రెండొంతులు నడిచాక, పట్టపగలు అమ్మ అన్నం వడ్డిస్తున్న సీన్లో పైన ఫ్యాను తిరుగుతూ కనబడాలి. చప్పుడు ఉండకూడదు.

ఒళ్లు జలదరిస్తుంది, ఎందుకో చెప్పలేరు. పైసా ఖర్చు లేదు. ఇది చెడగొట్టేవి మూడు. సౌండు సరిచేసే స్నేహితుడు ‘ఫ్యాను సౌండు మర్చిపోయావురా’ అని తనే వేసేస్తాడు, ముందే చెప్పి ఉంచండి. ఆ సీన్లో నేపథ్య సంగీతం పెడితే లోపించిన చప్పుడు ఎవరికీ తెలియదు. ఇక జనం ఫోన్లలో చూస్తారు, ఫోను స్పీకరులో బొంయ్ అనే మంద్ర శబ్దం వినబడదు. ఆ టక్ టక్ ఉంటేనే పని జరుగుతుంది. అందుకే కొత్త ఫ్యాను వద్దు.

ప్ర: ట్యూబులైటు కింద ఫోన్లో తీస్తే తెర మీద అడ్డచారలు పాకుతున్నాయి. ఫోను పాడైందా? (టెక్కలి)

జ: ఫోను బాగానే ఉంది. మన కరెంటు 50 హెర్ట్జ్, పాత ట్యూబులైటు సెకనుకు 100 సార్లు వెలిగి తగ్గుతుంది. మామూలు కెమెరా యాప్‌లు సెకనుకు 30 ఫ్రేములకు పెట్టి, షట్టరు 1/60 సెకను దగ్గరో ఇంకెక్కడో తమ ఇష్టానికి మారుస్తుంటాయి. మాన్యువల్ సెట్టింగులున్న యాప్ వేసుకుని 25 ఫ్రేములు, షట్టరు 1/50 పెట్టండి. వెలుతురు ఎక్కువైతే 1/100. మీ ఫోన్లో 25 లేకపోతే 30 ఫ్రేముల్లోనే షట్టరు 1/50కి బిగించినా చారలు పోతాయి. వైట్ బ్యాలెన్స్ (రంగుల సర్దుబాటు), ఎక్స్‌పోజరు (వెలుతురు సర్దుబాటు) కూడా లాక్ చెయ్యాలి, లేకపోతే ఎవరైనా తెల్లచొక్కాతో ఫ్రేములోకి రాగానే గదంతా చీకటైపోతుంది. డిమ్మరు ఉన్న చవక ఎల్‌ఈడీ పట్టీలకు ఈ మందు పనిచెయ్యదు. పది సెకన్లు తీసి చూసుకున్నాకే వాడండి.

ప్ర: జీడితోటలో అర్ధరాత్రి పరుగు సీను. ఎమర్జెన్సీ లైటు పెడితే ముఖాలు సున్నం కొట్టినట్టు, వెనకంతా తారు పూసినట్టు వస్తోంది. (పలాస)

జ: లైటు కెమెరా పక్కనే పెట్టారు, అందుకు. ముందు తోట మొత్తం కనబడే షాట్లు మునిమాపు వేళ తియ్యండి. డిసెంబరులో మన వైపు సూర్యుడు ఐదుంబావు, ఐదున్నర మధ్య దిగిపోతాడు. ఆ తర్వాత 20 నిమిషాలు మీది. వైట్ బ్యాలెన్స్ 3200కి దించి, ఎక్స్‌పోజరు తగ్గిస్తే ఆకాశం నీలంగా, చెట్లు నల్లగా వచ్చి అర్ధరాత్రి అనిపిస్తుంది. నాలుగింటికే రిహార్సలు అయిపోవాలి, ఆ 20 నిమిషాల్లో నాలుగు షాట్లకన్నా పడవు. ముఖాల దగ్గర షాట్లు చీకటి పడ్డాక తీసుకోవచ్చు. లైటు నటుడి వెనక, 10–15 అడుగుల దూరంలో చెట్టు మాను చాటున పెట్టండి. ముఖం మీదికి వేరే లైటు వద్దు, ఒక తెల్ల థర్మోకోల్ షీటు పట్టుకుంటే ఆ వెనక వెలుతురే తిరిగి పడుతుంది.

ఎండిన జీడాకు అప్పడంలా విరుగుతుంది. పరుగుకు అంతకన్నా మంచి సౌండు కొనలేరు, మాటలకు అంతకన్నా శత్రువూ లేదు. డైలాగు చెప్పేచోట కాళ్ల కింద గోనెసంచులు పరవండి. ఆకుల చప్పుడు విడిగా ఒక నిమిషం రికార్డు చేసుకుని తర్వాత కలపొచ్చు. పరిగెత్తే దారిని ముందే కర్రతో తట్టి చూసుకోండి, పాములూ తేళ్లూ ఆ ఆకుల కిందే ఉంటాయి. ఉత్తకాళ్ల పరుగు వద్దు. కాగడాలు అసలే వద్దు, ఒక్క నిప్పురవ్వకి తోట లేస్తుంది. మార్చి నుంచి మే దాకా పిక్కలు రాలే కాలం, ఆ రోజుల్లో రైతును షూటింగ్ అని అడగనే అడగకండి.

ప్ర: బారువ బీచ్‌లో తీసిన సీన్లో అలల హోరు తప్ప మాట వినబడటం లేదు. (సోంపేట)

జ: అక్కడ ఎవరికీ వినబడదు. షాటు అయిన వెంటనే, ఆ ఊపు పోకముందే, నటుల్ని కారెక్కించి అద్దాలు మూసి అవే మాటలు రెండుసార్లు చెప్పించి రికార్డు చేసుకోండి. ఒక నిమిషం ఉత్త అలల చప్పుడు కూడా తీసుకుంటే రెండూ కలిపి అతికించొచ్చు. పెదవులు కలవాలంటే దగ్గర షాట్లు తగ్గించి, వీపు వైపు నుంచి తీసినవి ఎక్కువ వాడండి.

ప్ర: రక్తం గులాబీ షర్బత్‌లా కనబడుతోంది. (బొబ్బిలి)

జ: రంగు కలిపిన నీళ్లు వాడితే అలాగే ఉంటుంది. 100 గ్రాముల నల్లబెల్లం, 100 మిల్లీలీటర్ల నీళ్లు. కరిగాక వడకట్టి సన్నసెగ మీద మూడు నాలుగు నిమిషాలు, వేళ్లకు జిగురు తగలగానే దించండి. తీగపాకం వచ్చిందంటే చల్లారాక బంకలా సాగుతుంది, పారదు. చల్లారాక ఎర్ర ఫుడ్‌కలర్ అరచెంచా, కోకో పొడి పావుచెంచా. బెల్లం గోధుమరంగు ఇస్తుంది, కోకో చిక్కదనం ఇస్తుంది, రెండూ కలిస్తేనే ఆరబోతున్న రక్తంలా ఉంటుంది. ఇది నోట్లోకి వెళ్లినా ఫరవాలేదు. బట్టల మీద పోసేదానికి మాత్రం గిన్నెలు తోమే లిక్విడు నాలుగు చుక్కలు కలిపితే మరక త్వరగా వదులుతుంది. ఆ సీసా వేరుగా ఉంచి మీద రాసిపెట్టండి, నోటికి పోకూడదు. చర్మానికి ముందే కొబ్బరినూనె రాయాలి, లేకపోతే మర్నాటి దాకా చేతులు ఎర్రగానే ఉంటాయి. ఒకే రకం చొక్కాలు రెండు కొనండి. షాటు అవ్వగానే నేల తుడవండి, పది నిమిషాల్లో చీమలు యూనిట్‌లో చేరతాయి.

ప్ర: శ్రీకాకుళం రోడ్ స్టేషన్ బయట స్నేహితుణ్ని వ్యాన్లోకి లాక్కుపోయే సీను. ఎవరికీ చెప్పకుండా దాచిన కెమెరాతో తీస్తే జనం రియాక్షన్ నిజంగా వస్తుంది కదా? (ఆమదాలవలస)

జ: వస్తుంది. మీ కుర్రాళ్లను నిజంగా కొడతారు. 2018లో పిల్లల్ని ఎత్తుకుపోయే ముఠాలు తిరుగుతున్నాయని వాట్సాప్‌లో పుకార్లు లేచినప్పుడు ఏ పాపమూ తెలియనివాళ్లు దెబ్బలు తిన్నారు, ప్రాణాలూ పోయాయి. ఒకరు 112కి ఫోను చేస్తే చాలు, పోలీసులు రావాల్సిందే. మీ కథలో ఆట నిజమవ్వాలి గానీ మీ షూటింగ్ కాకూడదు.

ఈ సీను నాలుగు గోడల మధ్య, మిల్లు ఆవరణలోనో ఇళ్లు లేవని లేఅవుట్‌లోనో తియ్యండి. తేదీ, చోటు, వేళ, బండి నంబరు, ఉండేవాళ్ల సంఖ్య రాసిన కాగితం ముందే స్థానిక పోలీస్‌స్టేషన్‌లో ఇచ్చి, నకలు మీద సంతకం తీసుకోండి. దారికి రెండు చివర్లా ‘షూటింగ్ జరుగుతోంది’ అన్న బోర్డుతో ఒక్కో మనిషి నిలబడాలి. స్టేషన్ బయట కావాలంటే మిత్రుడు బ్యాగుతో నడిచివెళ్లడం వరకూ చాలు, లాగడం మీ ఆవరణలో తీసి కలపండి. వ్యాను తలుపు మూసుకునే చప్పుడు రెంటినీ అతికిస్తుంది. పట్టాల మీదికి మాత్రం వెళ్లొద్దు, 1989 రైల్వే చట్టం 147వ సెక్షన్ కింద అది నేరం. ప్లాట్‌ఫారం మీద తియ్యాలన్నా రైల్వే అనుమతి కావాలి. పోలీసు వేషం వేసినవాడు ఖాకీతో టీ కొట్టుకు వెళ్లకూడదు, కట్ చెప్పగానే పైన మామూలు చొక్కా తొడగండి. శాలిహుండం, శ్రీముఖలింగం పురావస్తు శాఖ రక్షణలో ఉన్నవి, అక్కడ రాతపూర్వక అనుమతి లేకుండా కుదరదు. విజయనగరం కోట లోపల మాన్సాస్ ట్రస్టు కాలేజీలు నడుస్తున్నాయి గనక ముందు వాళ్లను అడగండి.

ప్ర: భయం నిజంగా రావాలని హీరోయిన్‌గా చేసే అమ్మాయికి చెప్పకుండా గదిలో పెట్టి గడియ వేద్దామనుకుంటున్నాం. తప్పా? (చీపురుపల్లి)

జ: తప్పే. పైగా దండగ. ఆ అరుపుకి మైకులో సౌండు పగిలిపోతుంది, ముఖం ఫోకస్‌లో ఉండదు, రెండో టేకుకు ఆ భయం ఉండదు. ఆ అమ్మాయి మిమ్మల్ని మళ్లీ నమ్మదు. ఆమెకు తెలిసి, ఆమె ఒప్పుకుని, ఒక్క విషయం దాచొచ్చు: పెట్టెలో ఏముందో, తలుపు ఎన్నిసార్లు కొడతారో. అంతవరకే.

మీలాంటి కథకు ఇంకో చిక్కుంది. ‘వద్దు’, ‘ఆపండి’, ‘వదలండ్రా’, ఇవన్నీ మీ డైలాగులే. నిజంగా నొప్పెట్టి అరిచినా బాగా చేస్తోందనుకుంటారు. స్క్రిప్టులో ఎక్కడా రాని మాట ఒకటి పెట్టుకోండి, ‘పనసపొట్టు’ అనుకోండి. ఎవరన్నా, టీ తెచ్చే కుర్రాడన్నా సరే, కెమెరాతో సహా అన్నీ ఆగాలి. పొద్దున్న షూటింగ్ మొదలయ్యేముందు ఒకసారి ఉత్తుత్తిగా అని చూడాలి. చేతులు కట్టేది జారుముడితో, కొస నటి గుప్పిట్లో ఉండేలా. కళ్లగంత పల్చటి నూలుబట్టతో, లోపల నుంచి కనబడేలా. గడియ బయట ఒక మనిషి చెయ్యి వేసి నిలబడాలి. కట్టిన కట్టు ఐదు నిమిషాలు దాటి ఉంచకండి.

ప్ర: మా యాసలో డైలాగులు రాస్తే సీరియస్ సీన్లో కూడా జనం నవ్వీసినారు. మామూలు తెలుగులోకి మార్చీమంటారా? (నరసన్నపేట)

జ: వద్దు. నవ్వు యాస వల్ల రాలేదు, పలికిన తీరు వల్ల వచ్చింది. ఈ మాటను ఏళ్ల తరబడి హాస్యపాత్రకే అంటగట్టడంతో, నటుడు నోరు విప్పగానే ఆ సాగదీత తెచ్చిపెట్టుకుంటాడు. ‘ఏటైనాది?’ అన్న మాటను జ్వరంతో పడుకున్న పిల్లాణ్ని అడిగినట్టు, మెల్లగా, చివర లాగకుండా అనిపించండి. ఎవడు నవ్వుతాడో చూద్దాం.

పైగా యాస మీకు దొరికిన మంచి ఆధారం. ఫోన్లో ఆట నడిపించే అజ్ఞాత గొంతు మొత్తం వార్తలు చదివినట్టు మాట్లాడాలి: ‘మీరు ఇక్కడి నుంచి వెళ్లిపోవచ్చు.’ ఒక్కచోట, కోపంలో, ‘ఎల్లిపోండి’ అని జారాలి. ఆ ఒక్క అక్షరంతో వాడు బయటివాడు కాదని తేలిపోతుంది. వాక్యం చివర పెట్టకండి, మధ్యలో పెడితేనే దాగుతుంది.

ప్ర: సినిమాలో రేడియోలో పాత పాట పెట్టొచ్చా? మా ఊరి హాల్లో ఒక ఆట వెయ్యాలంటే సెన్సారు కావాలా? (పాలకొండ)

జ: పాట పాతదైతే చాలదు. రికార్డింగు మీద హక్కు విడుదలైన తర్వాత 60 ఏళ్లు, రాసినవారు, బాణీ కట్టినవారి హక్కు వాళ్లు పోయాక 60 ఏళ్లు. యూట్యూబ్ ఎలాగూ పట్టేస్తుంది. ధనుర్మాసంలో తెల్లవారుజామున షూటింగ్ పెట్టుకుంటే గుడి మైకు పాట డైలాగు వెనక చేరుతుంది, అదీ ఇదే కిందికి వస్తుంది. హాల్లో ప్రదర్శనకు సెన్సారు సర్టిఫికెట్ కావాలి, ప్రాంతీయ కార్యాలయం హైదరాబాద్‌లో ఉంది. 2024 నుంచి యూఏ (పెద్దల సలహాతో పిల్లలు చూడదగ్గది) సర్టిఫికెట్‌లో 7, 13, 16 ఏళ్లు అని మూడు మెట్లు వచ్చాయి. యూట్యూబ్‌లో పెట్టడానికి ఆ సర్టిఫికెట్ అక్కర్లేదు.

ప్ర: చివర్లో ‘ఇదంతా నీ పుట్టినరోజు కోసం ఆడిన నాటకంరా’ అని తేల్చాం. చూసినవాళ్లు మోసం అన్నారు. (ఇచ్ఛాపురం)

జ: మలుపుకీ మోసానికీ తేడా పట్టుకోవడానికి ఒక పరీక్ష ఉంది. నాటకంలో భాగమైన నలుగురి పేర్లూ రాసుకుని, సినిమాలో ఒక్కొక్కరు ఒంటరిగా ఉన్న షాట్లన్నీ చూడండి. మీరు పంపిన వీడియోలో తొమ్మిదో నిమిషంలో ఒకడు బావి దగ్గర ఒక్కడే కూర్చుని ఏడుస్తాడు. నాటకమైతే అక్కడ ఎవరికోసం ఏడ్చాడు? ఎవరూ చూడనప్పుడు నటించేవాడు ఉండడు. ఆ షాటు తీసెయ్యాలి, లేదా వెనకాల కిటికీలో మోసపోయేవాడి నీడ కనబడేలా మళ్లీ తియ్యాలి. రెండోది మంచిది: మొదటిసారి చూసినప్పుడు జాలి, రెండోసారి చూస్తే నటన.

ఇక నాటకం అని తేలాక ఏమీ కాలేదంటే అప్పటిదాకా పడ్డ భయానికి విలువ ఉండదు. మోసపోయినవాడు ఆ రాత్రి నిజమనుకుని చేసిన పని ఒకటి మిగలాలి. మీ కథలోనే ఉంది: వాడు పాత తగాదా గురించి ఊళ్లో పెద్దమనిషికి ఫోను చేసి అన్నీ చెప్పేశాడు. దాన్ని మీరు మర్చిపోయారు. కేకు కోస్తుండగా ఆ పెద్దమనిషి బండి వాకిట్లో ఆగిన చప్పుడు రానివ్వండి, మనిషిని చూపించకండి. చివరి షాటు కింద పడ్డ చీటీల మీద ఐదు సెకన్లు. ఆడింది ఐదుగురు, చీటీలు ఆరు. ఆరోదాని మీద ఏముందో చూపించాలా వద్దా అన్నది కాగితం మీద తేలదు. విప్పిన షాటూ తీసుకోండి, రెండు రకాలుగా కత్తిరించి, కథ తెలియని ఇద్దరికి విడివిడిగా చూపించండి.